జాకీ రాబిన్సన్ తర్వాత 11 వారాలకే వచ్చిన లారీ డోబీ గురించి మాట్లాడుకుందాం

పాటర్సన్_పక్కూరు:
ఏప్రిల్ 15 వస్తే అమెరికాలో మేజర్ లీగ్ బేస్‌బాల్ ఆడేవాళ్ళందరూ 42 నంబర్ జెర్సీ వేసుకుని దిగుతారు. 1947లో అదే రోజు జాకీ రాబిన్సన్ ఆ నంబర్‌తోనే బ్రూక్లిన్ డాడ్జర్స్ తరఫున ఆడి, నల్లవాళ్ళని దశాబ్దాల పాటు బయట పెట్టిన గేటు తెరిచాడు కాబట్టి. అది ఆయనకి దక్కాల్సిన గౌరవమే. కానీ అదే ఏడాది జూలై 5న షికాగో కామిస్కీ పార్క్‌లో క్లీవ్‌లాండ్ ఇండియన్స్ (ఇప్పుడు గార్డియన్స్ అంటున్నారు) తరఫున ఇంకో నల్ల కుర్రాడు బ్యాట్ పట్టుకుని నడిచొచ్చాడు, పేరు లారీ డోబీ, వయసు 23. అమెరికన్ లీగ్‌లో మొదటివాడు అతనే. మేజర్ లీగ్‌లో రెండు భాగాలు, రాబిన్సన్ ఆడిన నేషనల్ లీగ్, ఈ అమెరికన్ లీగ్, అప్పట్లో రెండూ వేరు వేరు ప్రపంచాలు, సీజన్‌లో ఒకళ్ళతో ఒకళ్ళు ఆడేవాళ్ళే కాదు, చివర్లో ఛాంపియన్‌ని తేల్చే వరల్డ్ సిరీస్‌లోనే ఎదురుపడేది. వాషింగ్టన్, డెట్రాయిట్ లాంటి ఊళ్ళలో నేషనల్ లీగ్ టీమే లేదు, అంటే అక్కడ రాబిన్సన్ వేసిన దారి ఏదీ లేదు, ఆ జనాన్ని మొదటగా ఎదుర్కొంది డోబీనే. మన న్యూజెర్సీ వాళ్ళలో కూడా ఈయన పేరు చాలామందికి తెలియట్లేదు, పెరిగింది ఇక్కడే పాటర్సన్‌లో. అందుకే ఈ థ్రెడ్. తెలిసినవాళ్ళు తెలిసింది రాయండి.

గోదారిగట్టు:
మంచి థ్రెడ్ అండి. నాకు బేస్‌బాల్ కొద్దిగానే తెలుసు, రాబిన్సన్ పేరు విన్నాను, డోబీ పేరు ఇదే వినడం. ఒక డౌట్, రాబిన్సన్ అప్పటికే ఆడుతున్నాడు కదా, 11 వారాల తర్వాత వచ్చినాయనకి కొంచెమైనా సులువు అయి ఉండాలి కదా? పేపర్లన్నీ అప్పటికే రాసేసి ఉంటాయి, జనానికి కూడా కాస్త అలవాటు పడి ఉంటుంది.

స్కోర్‌బుక్:
గోదారిగట్టు గారూ, చాలామంది అనుకునేది అదే, జరిగింది మాత్రం వేరు. రాబిన్సన్‌ని డాడ్జర్స్ పెద్దమనిషి బ్రాంచ్ రికీ 1945 ఆగస్టులోనే పిలిచి మాట్లాడాడు, తిడతారు, ఉమ్ముతారు, తిరిగి కొట్టకూడదు అని ముందే అన్నీ చెప్పి ఒప్పించాడు, 1946 మొత్తం మాంట్రియల్‌లో కింది స్థాయి టీమ్‌లో ఆడించాడు, 1947లో ఫ్లోరిడా గొడవలు తప్పించడానికి ప్రాక్టీస్ క్యాంపే హవానాకి మార్చాడు. ఏడాదిన్నర ప్రిపరేషన్ అది.

డోబీ సంగతి చూడండి. జూలై 4న నెవార్క్ ఈగల్స్ అనే నల్లవాళ్ళ లీగ్ టీమ్‌కి ఆఖరి మ్యాచ్ ఆడి హోమ్ రన్ (మన సిక్సర్ లాంటిది) కొట్టాడు, రాత్రికి రైలెక్కాడు, మర్నాడు షికాగోలో మేజర్ లీగ్ డ్రెస్సులో ఉన్నాడు. మధ్యలో కింది స్థాయి ఆట ఒక్కటి లేదు. నీగ్రో లీగ్ నుంచి డైరెక్ట్‌గా మేజర్స్‌కి వచ్చిన మొదటి ఆటగాడు ఆయనే.

ఇంకోటి, డబ్బు విషయం. రాబిన్సన్ ఆడిన కాన్సస్ సిటీ మోనార్క్స్‌కి రికీ పైసా ఇవ్వలేదు. క్లీవ్‌లాండ్ ఓనర్ బిల్ వీక్ మాత్రం నెవార్క్ ఈగల్స్ ఓనర్ ఎఫా మాన్లీకి 10,000 డాలర్లు ఇచ్చి, కుర్రాడు టీమ్‌లో నిలబడితే ఇంకో 5,000 ఇస్తానన్నాడు, ఇచ్చాడు కూడా. ఆవిడ ఊరుకోలేదు, అదే తెల్ల కుర్రాడైతే లక్ష ఇచ్చేవాడివని మొహం మీదే చెప్పింది. ఆవిడ గురించి విడిగా రాయాలి అసలు.

పాటర్సన్_పక్కూరు:
థాంక్స్ స్కోర్‌బుక్ గారూ, ఎంత వివరంగా రాశారో. నేను చిన్నప్పటి సంగతి రాస్తాను. డోబీ పుట్టింది సౌత్ కరోలినాలో కామ్‌డెన్ అనే ఊళ్ళో, 1923 డిసెంబర్ 13. నాన్న డేవిడ్ కూడా బేస్‌బాల్ ఆడేవాడట, కానీ పిల్లాడి చిన్నతనంలోనే పోయాడు. అమ్మ ఎటా ఉత్తరాదికి వచ్చి న్యూజెర్సీలో ఇళ్ళల్లో పని చేసుకుంటూ ఉండేది, కొడుకు అమ్మమ్మ దగ్గరా మేనత్త దగ్గరా పెరిగి, టీనేజ్‌లో అమ్మ దగ్గరికి పాటర్సన్ వచ్చేశాడు. ఈస్ట్‌సైడ్ హైస్కూల్. అక్కడ బేస్‌బాల్, బాస్కెట్‌బాల్, ఫుట్‌బాల్, పరుగు పందెం, ఏది పట్టుకుంటే అందులో ముందు. ఫుట్‌బాల్ టీమ్ స్టేట్ ఛాంపియన్ అయితే ఫ్లోరిడా నుంచి ఆడటానికి పిలుపొచ్చింది, కానీ ఆ నల్ల కుర్రాడిని తీసుకురావొద్దన్నారు. టీమ్ పిల్లలందరూ ఓటేసుకుని, డోబీ రాకపోతే మేమూ రాము అని ఆ ట్రిప్పే మానేశారు. హైస్కూల్ పిల్లలండీ వాళ్ళు! మేజర్ లీగ్ పెద్దవాళ్ళకి అంత ధైర్యం రావడానికి ఇంకా చాలా ఏళ్ళు పట్టింది.

1942లోనే ఈగల్స్‌కి ఆడటం మొదలెట్టాడు, కాలేజీ అమెచ్యూర్ అర్హత పోకూడదని లారీ వాకర్ అనే దొంగపేరుతో. తర్వాత యుద్ధం, నేవీలో చేరాడు, పసిఫిక్‌లో ఉలిథి అనే దీవిలో ఉండగా రేడియోలో రాబిన్సన్‌ని మాంట్రియల్ తీసుకుందని వార్త విన్నాడు. అప్పటిదాకా ఊరికి వెళ్ళి పీఈటీ మాస్టర్ అవుదామనుకున్నవాడికి ఆ వార్తతో ఆశ పుట్టింది.

ఓహాయో_అక్క:
మేము క్లీవ్‌లాండ్ దగ్గరే ఉంటాం. ఇక్కడి స్టేడియం బయట డోబీ విగ్రహం ఉంది, 2015లో పెట్టారు, పక్క వీధికి కూడా ఆయన పేరే. వాకిట్లో విగ్రహం ఉన్నా లోపలికెళ్ళేవాళ్ళలో ఎంతమంది ఆగి పేరు చదువుతారో నాకు అనుమానమే.

జూలై 5 సంగతి ఎవరూ పూర్తిగా చెప్పలేదు కాబట్టి నేను చెప్తా. అప్పటి మేనేజర్ (బేస్‌బాల్‌లో హెడ్ కోచ్ లాంటివాడు) లూ బూడ్రో, షార్ట్‌స్టాప్ స్థానంలో ఆడేదీ ఆయనే, డోబీని లాకర్ రూమ్‌లో ఒక్కొక్కరి దగ్గరికీ తీసుకెళ్ళి పరిచయం చేశాడు. కొందరు చెయ్యిచ్చారు, కొందరు ఊరికే అలా అందించీ అందించనట్టు, కొందరు అసలు ఇవ్వలేదు. తర్వాత మైదానంలోకి వెళ్తే వార్మప్‌కి అందరూ జంటలు జంటలుగా బంతి విసురుకుంటున్నారు, ఇతనొక్కడే ఒంటరిగా నిలబడిపోయాడు, ఎవరూ పిలవరు. అప్పుడు జో గోర్డన్ అనే సెకండ్ బేస్‌మన్ పిలిచి తనతో బంతి వేయమన్నాడు. ఇక్కడ గమనించండి, డోబీ కూడా సెకండ్ బేస్ ఆటగాడే, అంటే తన జాగాకి పోటీగా వచ్చినవాడిని గోర్డన్ పిలిచాడు. ఇద్దరూ చివరిదాకా స్నేహితులుగా ఉన్నారు.

7వ ఇన్నింగ్స్‌లో పించ్ హిట్టర్‌గా, అంటే వేరేవాడి బదులు బ్యాటింగ్‌కి దింపారు, బంతి కొట్టలేక స్ట్రైక్‌అవుట్ అయ్యాడు. మర్నాడు అలవాటు లేని ఫస్ట్ బేస్‌లో, అదీ అడిగి తెచ్చిన గ్లవ్‌తో ఆడించారు. ఆ సీజన్ మొత్తం 29 మ్యాచ్‌లు, 32 సార్లు బ్యాటింగ్, 5 హిట్లు. ఎక్కువ రోజులు బెంచ్ మీదే కూర్చోబెట్టారు. నీగ్రో లీగ్‌లో ఆ ఏడాది సగటు 0.400 దాటి ఉన్నవాడికి ఇది ఎంత నరకమో ఆలోచించండి. సాయంత్రాలు మాట్లాడటానికి రూమ్మేట్ లేడు, చాలా ఊళ్ళలో టీమ్ హోటల్లో రూమే లేదు.

కొత్తగూడెం_కుర్రోడు:
అక్కా చదువుతుంటే మనసుకి చాలా కష్టమనిపించింది. ఒక్కడే నిలబడ్డ ముచ్చట అయితే అస్సలు మర్చిపోలేను. ఒకటి సమజ్ కాలే, 1947ల 32కి 5 కొట్టినోడు మళ్ళ ఎట్ల నిలబడ్డడు? వేరేటోళ్ళైతే ఇంటికి పంపేటోళ్ళు కదా. మరి ఈ 0.400 సగటు అంటే ఏందో కూడా జర చెప్పండి, క్రికెట్ లెక్కల సగటు వేరే ఉంటది.

స్కోర్‌బుక్:
కుర్రోడు బ్రో, బేస్‌బాల్‌లో సగటు అంటే రన్స్ కాదు, ఎన్ని అవకాశాల్లో ఎన్నిసార్లు హిట్ కొట్టి బేస్ చేరాడు అనేది. పదికి మూడు కొడితే 0.300, అది చాలా మంచి బ్యాటర్ లెక్క. పదికి ఏడుసార్లు అవుట్ అయ్యేవాడు గొప్పవాడు ఈ ఆటలో.

ఎలా నిలబడ్డాడంటే, 1948 మొదట్లో గోర్డన్, బూడ్రో ఉన్నారు కాబట్టి లోపలి స్థానాల్లో చోటు లేదని అవుట్‌ఫీల్డ్‌కి మార్చారు. అంతకుముందు అక్కడ సరిగ్గా ఆడిందే లేదు. ట్రిస్ స్పీకర్ అని పాత తరం సెంటర్ ఫీల్డర్, ఆ స్థానంలో చరిత్రలోనే పెద్ద పేరు, టెక్సాస్ మనిషి, ఆయన దగ్గరుండి నేర్పించాడు. ఇతను చకచకా నేర్చుకున్నాడు. ఆ ఏడాది సగటు 0.301, 14 హోమ్ రన్లు. టీమ్ వరల్డ్ సిరీస్‌కి వెళ్ళింది, బోస్టన్ బ్రేవ్స్‌తో. అక్టోబర్ 9, నాలుగో మ్యాచ్, క్లీవ్‌లాండ్‌లో 81,897 మంది జనం. 3వ ఇన్నింగ్స్‌లో జానీ సేన్ బౌలింగ్‌లో, సారీ పిచింగ్‌లో అనాలి, డోబీ హోమ్ రన్ కొట్టాడు. మ్యాచ్ 2-1తో గెలిచారు, గెలిపించిన రన్ అదే. వరల్డ్ సిరీస్‌లో హోమ్ రన్ కొట్టిన మొదటి నల్ల ఆటగాడు. సిరీస్ మొత్తం 0.318 కొట్టాడు, టీమ్ 4-2తో గెలిచింది. అదే టీమ్‌లో 42 ఏళ్ళ శాచెల్ పేజ్ కూడా ఉన్నాడు, వరల్డ్ సిరీస్ గెలిచిన మొదటి నల్ల ఆటగాళ్ళు వీళ్ళిద్దరే. క్లీవ్‌లాండ్ ఆ తర్వాత ఇప్పటిదాకా మళ్ళీ గెలవలేదు.

ఓహాయో_అక్క:
ఆ మ్యాచ్ అయ్యాక తీసిన ఫోటో చెప్పకుండా ఎలా వదిలేశారు స్కోర్‌బుక్ గారూ! ఆ రోజు పిచ్చర్ స్టీవ్ గ్రోమెక్, మిషిగన్‌లోని హ్యామ్‌ట్రామిక్ కుర్రాడు, తెల్లవాడు, మ్యాచ్ మొత్తం తనే వేశాడు. లాకర్ రూమ్‌లో ఇద్దరూ ఒకరినొకరు గట్టిగా వాటేసుకుని, చెంపకి చెంప ఆనించి, నోరారా నవ్వుతున్న ఫోటో దేశమంతా పేపర్లలో పడింది. 1948లో ఒక నల్లవాడూ ఒక తెల్లవాడూ అలా కౌగిలించుకుని ఫోటో పడటం అంటే మామూలు విషయం కాదు. గ్రోమెక్‌కి సొంత ఊళ్ళోనే కొందరు అడ్డదిడ్డంగా మాట్లాడారు, అతను లెక్క చేయలేదు, నన్ను గెలిపించినవాడు అతనే కదా అన్నట్టే ఉన్నాడు. డోబీ కూడా హోమ్ రన్ కన్నా ఆ ఫోటో గురించే ఎక్కువ చెప్పేవాడు. ఏడాది కిందట చెయ్యి కూడా ఇవ్వని గది అది.

విశాఖ_స్పిన్నర్:
అందరూ బాగా రాశారు, నేను కొంచెం ఎదురు మాట్లాడతా, తప్పుగా అనుకోకండి. మొదటివాడిని గుర్తుపెట్టుకోవడం ఏ దేశంలోనైనా ఉన్నదే. అది కాక ఆటపరంగా చూస్తే డోబీ మేజర్స్‌లో 253 హోమ్ రన్లు, సగటు 0.283. ఆ కాలంలో సెంటర్ ఫీల్డ్‌లో విల్లీ మేస్, మిక్కీ మాంటిల్, డ్యూక్ స్నైడర్ ఉన్నారు. ఆటలో గొప్పవాళ్ళని చేర్చే హాల్ ఆఫ్ ఫేమ్‌కి బేస్‌బాల్ రైటర్లు ఓటేసినప్పుడు పది శాతం కూడా రాలేదు, 1998లో పాత ఆటగాళ్ళని చూసే వెటరన్స్ కమిటీ ద్వారా వచ్చాడు. అంటే ఆటకి తక్కువ, చరిత్రకి ఎక్కువ వెయిట్ ఇచ్చారేమో కదా?

స్కోర్‌బుక్:
స్పిన్నర్ గారూ, గట్టి ప్రశ్నే, జవాబు ఉంది. 1949 నుంచి 1955 దాకా వరసగా ఏడేళ్ళు ఆల్ స్టార్, అంటే లీగ్‌లో మేటివాళ్ళు ఆడే మ్యాచ్‌కి ఎంపికయ్యాడు. 1952లో 32 హోమ్ రన్లతో అమెరికన్ లీగ్‌లో నంబర్ వన్, స్లగింగ్‌లో (పెద్ద హిట్లకి ఎక్కువ విలువిచ్చే సగటు) నంబర్ వన్, పరుగుల్లో 104తో నంబర్ వన్. 1954లో మళ్ళీ 32 హోమ్ రన్లు, 126 ఆర్‌బీఐలు, రెండూ లీగ్‌లో టాప్. ఆర్‌బీఐ అంటే తన బ్యాటింగ్ వల్ల టీమ్‌కి వచ్చిన పరుగులు. ఆ ఏడాది క్లీవ్‌లాండ్ 154 మ్యాచ్‌ల్లో 111 గెలిచింది. ఎంవీపీ (లీగ్‌లో ఆ ఏడాది అత్యంత విలువైన ఆటగాడు) ఓటింగ్‌లో యాంకీస్ ఆటగాడు యోగీ బెర్రా తర్వాత రెండో స్థానం. పైగా రోజూ సెంటర్ ఫీల్డ్ పరిగెత్తుతూ. మేస్, మాంటిల్‌తో పోల్చి తక్కువ అనడం మొదలెడితే ఆ హాల్లో సగం మంది మిగలరు.

ఇంకా ఒక లెక్క మర్చిపోతున్నారు, యుద్ధంలో పోయిన సంవత్సరాలు, నీగ్రో లీగ్‌లో ఆడిన సంవత్సరాలు. ఇప్పుడు నీగ్రో లీగ్ అంకెల్ని కూడా మేజర్ లీగ్ లెక్కలో కలిపారు కాబట్టి ఆయన మొత్తం కూడా పెరిగింది.

విశాఖ_స్పిన్నర్:
1952, 1954 అంకెలు బలంగానే ఉన్నాయి, ఆ వరస ఏడు ఆల్ స్టార్లు కూడా. అయినా 1954 వరల్డ్ సిరీస్ సంగతేంటి? 111 గెలిచిన టీమ్ న్యూయార్క్ జెయింట్స్ చేతిలో 4-0తో పోయింది, డోబీ 16కి 2.

ఓహాయో_అక్క:
అయ్యో దాన్ని గుర్తు చేయకండి, ఇక్కడి ముసలివాళ్ళకి ఇంకా మంట. మొదటి మ్యాచ్, న్యూయార్క్ పోలో గ్రౌండ్స్, 8వ ఇన్నింగ్స్, స్కోరు 2-2, సెకండ్ బేస్ మీద డోబీ, ఫస్ట్ మీద ఆల్ రోజన్. విక్ వెర్ట్జ్ కొట్టిన బంతి సెంటర్ ఫీల్డ్ లోతుల్లోకి వెళ్ళిపోయింది, వేరే ఏ స్టేడియంలో అయినా హోమ్ రన్. విల్లీ మేస్ వెనక్కి తిరిగి పరిగెత్తి భుజం మీదుగా పట్టేశాడు, ఈ రోజుకీ టీవీల్లో వేసే క్యాచ్ అది. అందులో థర్డ్ బేస్‌కి మాత్రమే చేరగలిగిన మనిషి డోబీ. ఆ ఇన్నింగ్స్‌లో రన్ రాలేదు, 10వ ఇన్నింగ్స్‌లో డస్టీ రోడ్స్ కొట్టాడు, 5-2తో పోయింది. ఆ క్యాచ్ చూసిన కోట్ల మంది డోబీని కూడా చూసే ఉంటారు, ఎవరని అడగలేదంతే.

పాటర్సన్_పక్కూరు:
స్పిన్నర్ గారూ, మొదటివాడిని గుర్తుపెట్టుకోవడం తప్పని నేను అనలేదు. రాబిన్సన్‌కి ఇచ్చినదాంట్లోంచి తీసి ఇతనికి పెట్టమనట్లేదు. ఇద్దరూ ఆ 1947లో ఫోన్లో మాట్లాడుకునేవాళ్ళు, ఏ ఊళ్ళో ఎవరు ఎలా ఉన్నారో చెప్పుకునేవాళ్ళు. వాళ్ళ మధ్య పోటీ లేదు. నా బాధల్లా, రెండోవాడికి దెబ్బ సగమే తగిలిందని జనం అనుకోవడం మీద.

టూసాన్ సంగతి ఒక్కటి చాలు. క్లీవ్‌లాండ్ ప్రాక్టీస్ క్యాంపు అరిజోనాలో టూసాన్‌లో ఉండేది. ఫ్లోరిడాలో నల్లవాళ్ళ మీద ఉన్న ఆంక్షలు నచ్చకే అక్కడికి మార్చానని వీక్ చెప్పుకునేవాడు. తీరా చూస్తే టూసాన్‌లో టీమ్ దిగిన శాంటా రీటా హోటల్ డోబీని రానివ్వలేదు. ఊళ్ళో ఒక నల్ల కుటుంబం ఇంట్లో ఉండాల్సొచ్చింది, పేపర్లలో స్టార్ అయ్యాక కూడా ఏళ్ళ తరబడి అదే ఏర్పాటు. పొద్దున్నే టీమ్‌తో కలిసి చెమటోడ్చి, సాయంత్రం వాళ్ళందరూ ఒకవైపు, తనొక్కడూ ఒకవైపు. ఒకసారి సెకండ్ బేస్‌లోకి జారుతూ వెళ్తే అవతలి ఫీల్డర్ పొగాకు నమిలిన ఉమ్ము మొహం మీద ఊశాడని ఆయనే తర్వాత చెప్పాడు. తిరిగి కొట్టలేదు. కొట్టొద్దని వీక్ మొదటి రోజే చెప్పాడు.

కొత్తగూడెం_కుర్రోడు:
ఎన్నేండ్లు ఓర్చుకుంటడు అన్నా మనిషి? ఒక్కసారి కూడా తిరగబడలేదా?

స్కోర్‌బుక్:
తిరగబడ్డాడు బ్రో, పదేళ్ళకి. 1957 జూన్ 13, అప్పటికి డోబీ షికాగో వైట్ సాక్స్‌లో ఉన్నాడు. న్యూయార్క్ యాంకీస్ పిచ్చర్ ఆర్ట్ డిట్‌మార్ తల మీదకి బంతి వేశాడు, డోబీ కింద పడి తప్పించుకున్నాడు, మాటా మాటా పెరిగింది, ఎడమ చేత్తో ఒక్కటిచ్చాడు, డిట్‌మార్ పడిపోయాడు. రెండు టీములూ మైదానంలోకి వచ్చి కొట్టుకున్నాయి. 1947లో ఇదే జరిగుంటే డోబీ కెరీర్ ఆ రోజే ముగిసేది, ఆయనతో పాటు వెనక రాబోయే పదిమందికి కూడా తలుపు మూసేవాళ్ళు. 1957లో మామూలు గొడవలాగే చూసి వదిలేశారు. ఆ పదేళ్ళలో ఏం మారిందో ఆ ఒక్క దెబ్బ చెప్తుంది.

తర్వాత దెబ్బలు తగిలి తగ్గిపోయాడు, 1959తో మేజర్స్‌లో అయిపోయింది. 1962లో జపాన్ వెళ్ళి నగోయాలో చునిచి డ్రాగన్స్‌కి డాన్ న్యూకోంబ్‌తో కలిసి ఒక సీజన్ ఆడాడు.

గోదారిగట్టు:
చదువుతూ పోతుంటే రాత్రి ఎంతయిందో తెలియలేదు. ఆట మానేశాక ఏం చేశాడండి? కోచ్ అయ్యాడా?

ఓహాయో_అక్క:
అయ్యాడు, మాంట్రియల్‌లో, మళ్ళీ మా క్లీవ్‌లాండ్‌లో. 1974లో ఇక్కడ కోచ్‌గా ఉన్నాడు, మేనేజర్ కుర్చీ ఖాళీ అవుతోంది, తనకే వస్తుందని ఆశపడ్డాడు. అప్పటిదాకా మేజర్ లీగ్‌లో నల్ల మేనేజర్ ఒక్కడూ లేడు. క్లీవ్‌లాండ్ తీసుకుంది ఒక నల్ల ఆటగాడినే, కానీ ఫ్రాంక్ రాబిన్సన్‌ని. మళ్ళీ ఒక రాబిన్సన్ వెనక మా డోబీ.

1978లో వైట్ సాక్స్ ఓనర్‌గా ఉన్న అదే బిల్ వీక్, మేనేజర్ బాబ్ లెమన్‌ని తీసేసి జూన్ 30న డోబీకి ఇచ్చాడు. లెమన్ క్లీవ్‌లాండ్‌లో ఇతనితో ఆడిన పిచ్చర్. సీజన్ సగంలో, ఓడిపోతున్న టీమ్. 37 గెలిచి 50 ఓడారు, మర్నాటి ఏడాదికి ఉంచలేదు. లెమన్ మాత్రం నెల తిరక్కుండా యాంకీస్‌కి వెళ్ళి అదే సంవత్సరం వరల్డ్ సిరీస్ గెలిచాడు. ఒక మనిషికి 87 మ్యాచ్‌లు ఇచ్చి ఇతనికి చేతకాదని తేల్చేయడం నాకు ఏ రకంగానూ న్యాయంగా అనిపించదు. మళ్ళీ ఎవరూ పిలవలేదు.

విశాఖ_స్పిన్నర్:
ఇది నిజంగా అన్యాయమే. ఫ్రాంక్ రాబిన్సన్‌కి తర్వాత వేరే టీములు కూడా ఇచ్చాయి, ఇతనికి ఆ సగం సీజనే.

పాటర్సన్_పక్కూరు:
తర్వాత న్యూజెర్సీ నెట్స్ బాస్కెట్‌బాల్ టీమ్‌లో జనసంబంధాల పని చేస్తూ, మాంట్‌క్లెయిర్‌లో ఉండేవాడు, యోగీ బెర్రా కూడా అదే ఊరు, ఇద్దరూ మంచి స్నేహితులు. భార్య హెలిన్ 2001లో, ఆయన 2003 జూన్ 18న పోయారు. ఆయన వేసుకున్న 14 నంబర్‌ని ఇంకెవరికీ ఇవ్వకుండా క్లీవ్‌లాండ్ 1994లో రిటైర్ చేసింది. అమెరికా కాంగ్రెస్ (అక్కడి పార్లమెంటు) ఇచ్చే గోల్డ్ మెడల్ 2023 డిసెంబర్ 13న, సరిగ్గా నూరో పుట్టినరోజున కుటుంబానికి ఇచ్చారు.

ఇక్కడి మన తెలుగువాళ్ళకి ఒక మాట. వేసవి వస్తే ఎడిసన్ నుంచీ పార్సిపనీ నుంచీ చుట్టాల్ని తీసుకుని పాటర్సన్ జలపాతం చూడ్డానికి వస్తుంటారు కదా, దాన్ని ఆనుకునే హించ్‌లిఫ్ స్టేడియం ఉంది, 1932లో కట్టింది. డోబీ హైస్కూల్ ఫుట్‌బాల్ ఆడింది అక్కడే, 1942లో ఈగల్స్ సెలెక్షన్ జరిగిందీ అక్కడే. చాలా ఏళ్ళు పాడుబడి చెట్లు మొలిచి ఉండేది, బాగు చేసి 2023లో మళ్ళీ తెరిచారు. నీగ్రో లీగ్ మ్యాచ్‌లు జరిగిన స్టేడియంలు దేశంలో మిగిలినవే కొన్ని. జలపాతం దగ్గర ఫోటోలు అయ్యాక ఆ గేటు దాకా కూడా నడవండి.

గోదారిగట్టు:
తప్పకుండా అండి, మా తమ్ముడు అక్కడే ఉంటాడు, వాడికి ఈ లింక్ పంపిస్తున్నా. స్కోర్‌బుక్ గారూ, ఎఫా మాన్లీ గురించి విడిగా రాయాలన్నారు, ఎప్పుడు?

స్కోర్‌బుక్:
ఈ వారాంతంలో కొత్త థ్రెడ్ వేస్తాను. 1946లో డోబీ, మాంటీ ఇర్విన్ ఇద్దరూ ఉన్న ఆవిడ ఈగల్స్ మోనార్క్స్‌ని ఏడు మ్యాచ్‌ల సిరీస్‌లో ఓడించి ఛాంపియన్ అయింది, రెండేళ్ళు తిరిగేసరికి టీమే అమ్ముకోవాల్సి వచ్చింది, ఎందుకంటే నల్ల ప్రేక్షకులందరూ రాబిన్సన్‌నీ డోబీనీ చూడ్డానికి మేజర్ లీగ్ మ్యాచ్‌లకి వెళ్ళిపోయారు. హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఉన్న ఒకే ఒక్క మహిళ ఆవిడ, 2006లో చేర్చారు. అక్కడ మొదలుపెడతాను.